ఇంకిద్దరు చెప్పాలె

మా యారాలు, అంటే తోడికోడలు, కృపాజ్యోతి ఒక్కరి మాట నమ్మదు. ఆ ఒక్కరు తానే అయినా సరే. "ఇంకిద్దరు చెప్పాలె" అంటుంది. తెల్లారిందని ఒక కోడి కూస్తే, ఇంకో రెండు కోళ్లు ఒప్పుకునేదాకా దుప్పటి తీయదు.

ఒకసారి మా అత్త సారమ్మకు పెరట్లో తేలు కుట్టింది. ఇంటిల్లిపాదీ ఆమె కాలు పట్టుకుని కూర్చుంటే, జ్యోతి పోయి కట్టెల మోపు కింద తల పెట్టింది.

"తేలేనా అత్తమ్మా? జెర్రి గూడ కావచ్చు."

"తేలేనే! నా కండ్లతోని చూసిన!"

"నువ్వు చూసినవ్, సరే. ఇంకెవరన్న చూసిండ్రా?"

"ఇంకిద్దరిని గూడ కుట్టమను, అప్పుడు నమ్ముతువు!"

తేలు దొరికాకే, దాని ఫొటో తీశాకే జ్యోతి బండెక్కింది. దవాఖానలో డాక్టరు "ఏం కుట్టింది?" అంటే ఫోన్ చూపించింది. "వెరీ గుడ్ అమ్మా" అన్నాడాయన. కాలు మా అత్తది, మెప్పు మా యారాలిది. ఎప్పుడూ ఇంతే.

ఈ అలవాటు ఆమెకు ఉద్యోగంతో వచ్చింది. చేవెళ్ల కాలేజీలో పాఠాలు చెప్పేటప్పుడు పిల్లలను పొలాల వెంబడి తిప్పి సీతాకోకచిలుకలను లెక్కపెట్టించేది. అలా మొదలై ఇప్పుడు పట్నంలో పెద్ద సైంటిస్టు అయింది. ఒక యాప్ నడుపుతుంది. రైతులు, ఫాంహౌస్ వాచ్‌మన్లు, బడిపిల్లలు ఎవరైనా సరే, పిట్టనో పురుగునో చెట్టునో ఫొటో తీసి, ఊరూ తేదీ రాసి అందులో పెట్టవచ్చు. అది ఫలానాదని ఇంకో ఇద్దరు ఒప్పుకుంటేనే లెక్కలోకి ఎక్కుతుంది. లేకపోతే "తేలలేదు" అని ఒక మూల పడి ఉంటుంది.

పెళ్లిచూపులప్పుడు మా మరిది ప్రేమ్‌చంద్ తల వంచుకుని "నాకు నచ్చింది" అన్నాడు. "మీ ఒక్కరికేనా? ఇంకిద్దరు చెప్పాలె" అన్నది పెళ్లికూతురు. మా ఆయన జయరాజ్ నవ్వుతూ చెయ్యెత్తి, నన్ను మోచేత్తో పొడిచాడు. నేనూ ఎత్తాను. ఆ చెయ్యి ఎందుకెత్తానా అని తర్వాత చాలాసార్లు అనుకున్నాను.

దాచేదేముంది, నాకు కుళ్లు. నా చదువు ఏడో తరగతి. ఆమె పేరుకు ముందు డాక్టరు. పేపర్లో ఆమె ఫొటో వస్తే మా అత్త మొయినాబాద్ అంతా తిప్పి, చర్చిలో పాస్టరమ్మకు రెండుసార్లు చూపించింది. ఆదివారం నేను చీకటితో లేచి కూర వండితే, జ్యోతి ఒక ముక్క నోట్లో వేసుకుని "ఉప్పు తక్కువైనట్టున్నదక్కా. నా ఒక్కదాని మాట గాదు, ఇంకిద్దరు చెప్పాలె" అనేది. ఇద్దరేమిటి, పన్నెండుమంది రుచి చూసేవారు. గిన్నె ఖాళీ అయ్యేది. ఉప్పు సంగతి తేలేది కాదు.

అన్నిటికంటే ఎక్కువ మండేది, మా ఆయన ఆమెతో పురుగుల ముచ్చట పెట్టుకున్నప్పుడు. నాతో ఇరవై ఏళ్లలో అన్ని మాటలు మాట్లాడలేదు.

మూడేళ్ల కింద ఆయన పొలంలో క్యారెట్లు తవ్వుతుంటే మట్టిలోంచి గుండ్రటి కప్ప ఒకటి బయటపడింది. ముట్టుకుంటే బంతిలా ఉబ్బిందట. ఆయన సంబరపడి ఫొటో తీసి యాప్‌లో పెట్టాడు. చెయ్యి కదిలిందేమో, అంతా మసక. పట్నం నుంచి ఎవరో "ఇది ఆలుగడ్డ" అని రాశాడు. పదిమంది నవ్వు బొమ్మలు పెట్టారు.

"ఏం బిడ్డా, నీ రాజ్యంల నా కప్ప ఆలుగడ్డ అయ్యిందా?" అన్నాడు మా ఆయన.

"నాకు కప్పనే అనిపిస్తున్నది బావా. అట్లనే రాసిన. కని ఆలుగడ్డ అన్నోడు ఒకడున్నడు గదా, ఇంకిద్దరు చెప్పాలె."

"నువ్వే పెద్దమనిషివి గదా, ఠప్పున ముద్ర కొట్టు!"

"నా ముద్ర గూడ ఒక్కటే లెక్క బావా."

ఆయన పడీపడీ నవ్వాడు. నేను నవ్వలేదు. ఆ ఎండాకాలమే ఆయన గుండె ఆగింది. ఆయన యాప్‌లో పెట్టింది అదొక్కటే ఫొటో. అది అలాగే ఆలుగడ్డగా మిగిలిపోయింది. ఒక్క ముద్ర కొట్టని యారాలిని నేను క్షమించలేదు.

తర్వాత నేను పొలం మొహం చూడలేదు. పాండుకు కౌలుకిచ్చాం. జ్యోతి మాత్రం ప్రతి ఆదివారం పార పట్టుకుని పోయి, ఒళ్లంతా మట్టితో, సంచి నిండా క్యారెట్లతో తిరిగొచ్చేది. ఎంత ఆశ ఈమెకు అని లోలోపల తిట్టుకునేదాన్ని.

మొన్న జనవరిలో, జ్యోతి దగ్గర పనిచేసే సమత అనే పిల్ల ఏదో పనిమీద మా ఇంటికొచ్చింది. టీ తాగుతూ చెప్పింది.

"అమ్మా, తేలని పాత ఫొటోలన్ని ఈ నెలాఖరుకు తీసేస్తున్నరు. సార్ కప్ప గూడ పోతది. ఇన్నేండ్లు మేడమే ఆపింది. మీటింగ్ మీటింగ్‌కు మాతోని లొల్లి."

"ఆమెనే ముద్ర కొడ్తె అయిపాయె గదా!"

"మేము గూడ గదే అన్నం. 'నా ఒక్క మాట రాసిన. పైనుంచి ముద్ర గూడ నేనే కొడ్తె, సొంత బావది గాబట్టి పాస్ చేసిందంటరు. మా బావ కప్పకు సిఫారసు అక్కర్లేదు' అన్నది. ఆదివారాలు పొలంల తవ్వేది దానికోసమే గదమ్మా. మీకు తెల్వదా?"

నా మనసు కరిగిందనుకుంటారు. లేదు, ఒళ్లు మండింది. నా మొగుడి కప్పను ఈమె వెతికి పట్టి, ఆ పేరు కూడా తానే కొట్టేస్తుందా? ఆ ఆదివారం ఆమెకంటే ముందే పొలానికి పోయాను, మూడేళ్ల తర్వాత.

జ్యోతి వచ్చి నన్ను చూసి పార కింద పెట్టేసింది. "అక్కా! నువ్వా?"

"ఏడ తవ్వుతున్నవ్?"

"గట్టు పొంటి. సగం చేను అయిపాయె."

"సైంటిస్టువు! ఆయన ఎన్నడన్న క్యారెట్లు తవ్వుడు గట్టు పొంటి మొదలువెట్టిండా? బోరు పైపు కారే తడి నేలల పెడ్తుండె."

నాకు తెలియక ఇంకెవరికి తెలుస్తుంది? ఇరవై ఏళ్లు ఆయనకు అన్నం మోసింది అక్కడికే.

పది పార దెబ్బలకు ఒక మట్టి ముద్ద కదిలింది. కళ్లు తెరిచింది. ఉబ్బింది. టీ ఆలస్యమైతే మా అత్త చూసినట్టు నన్ను చూసింది. జ్యోతి కొత్త చీరతోనే బురదలో బోర్లా పడుకుని ఫొటోలు తీసింది.

"అక్కా, ఇదేంది?"

"నీకు తెల్వదా?"

"నేను మూడేండ్ల కిందనే చెప్పిన. ఇప్పుడు నువ్వు చెప్పాలె." ఫోన్ నా ముందు పెట్టింది. అందులో నా పేరు, పేరు కింద సున్నా. "బావ పోయిన నెలలనే నీ పేరుతోని ఖాతా తెరిచి పెట్టిన. ఎన్నడన్న ఒక్కనాడు పొలానికి రాకపోతవా అని."

ఒక్కో అక్షరం వెతుక్కుని కొట్టాను. కప్ప.

పక్క మడిలోంచి పాండు వచ్చి తొంగి చూశాడు. "దీంట్ల అడిగేదేమున్నది? ఆలుగడ్డ గట్ల గుడ్లురుముతదా?" అని తన ఫోన్లో అతనూ రాశాడు. పాత ఫొటో, కొత్త ఫొటో పక్కపక్కన పెడితే అదే తడి, అదే రంగు, అదే ఉబ్బు. కాసేపటికి పట్నం ఆయన "తప్పయింది, కప్పే" అని రాశాడు. మా జయరాజ్ కప్ప లెక్కలోకి ఎక్కింది.

తిరిగి చూస్తే జ్యోతి గట్టు మీద మొహం ముడుచుకుని కూర్చుంది.

"ఏమైందే?"

"ఏమైందా! నూట యాభై ఆదివారాలు తవ్విన అక్కా. డాక్టరేటు చేసిన. నువ్వొచ్చి పది దెబ్బలల్ల తీసినవ్. నిజం చెప్తున్న, నాకు మస్తు కుళ్లు అయితున్నది."

పద్నాలుగేళ్లలో ఆమె నోటినుంచి నాకు ఇంత తీయటి మాట రాలేదు. కప్ప వెనక్కి వెనక్కి నడుస్తూ మట్టిలోకి దిగిపోతోంది. నేను తీరిగ్గా ఆమె పక్కన కూర్చుని, చెంగుతో ఆమె మొహం మీద బురద తుడిచాను.

"కుళ్లుకో, జ్యోతి. జర నిమ్మలంగ కుళ్లుకో. నాకు ఇంటికాడ పనేం లేదు."