దానయ్యగారి పద్నాలుగో మనిషి

ఫిట్టరు దానయ్యకి పులన్నా, పోలీసన్నా, వర్క్‌షాపు ఫోర్‌మనన్నా భయం లేదు. పదమూడంటే భయం. అదీ భోజనాల దగ్గరే. పంక్తిలో సరిగ్గా పదమూడు మంది కూర్చున్నారంటే చాలు, చేతిలో ముద్ద విస్తట్లో పడేసి లేచిపోయేవాడు. పద్నాలుగో మనిషిని పట్టుకొచ్చి కూర్చోబెట్టేదాకా ఎవర్నీ తిననిచ్చేవాడు కాదు. పన్నెండు మందైతే పేచీ లేదు, పాతిక మందైనా లేదు.

మతం బొబ్బిలి నుంచి వెంట తెచ్చుకున్నాడు గానీ ఈ భయం మాత్రం రాయపూర్ వచ్చాక అంటుకుంది, ఓ ఆంగ్లో ఇండియన్ రైలు డ్రైవరు దొర దగ్గర. ఎవరడిగినా చెప్పేవాడు.

"ప్రభువు ఆఖరి రాత్రి భోజనానికి కూచున్నాడు. ఆయనా, పన్నెండు మంది శిష్యులూ. కలిపితే ఎంత? పదమూడు! అందులో ఒకడు యూదా. మధ్యలో లేచిపోయి గురువునే పట్టిచ్చీసినాడు. మర్నాడు శుక్రవారం, సిలువ. అందుకే పదమూడో తారీకు శుక్రవారం పడిందంటే దొరలు గడప దాటరు. పదమూడు మంది కలిసి తింటే ఏడాది తిరక్కుండా ఒకడు పోతాడు."

పక్క క్వార్టరు పార్వతమ్మ పకపకా నవ్వింది. "మరి మా ఇంట్లో మేం పదమూడు మందిమే కదా అన్నయ్యా! రోజూ తింటన్నాం."

"అందుకే కదమ్మా, రోజూ అన్నాల వేళకి మీ ఇంటికొస్తన్నాను."

ఆ పార్వతమ్మ మనవడి బారసాలకే ఒకసారి పంక్తి ఆగిపోయింది. దానయ్య వీధిలోకి పరిగెత్తి, రిక్షాలో నిద్రపోతున్నవాణ్ణి కుదిపి లేపాడు. "ఉఠో భాయ్! ప్రాణాలు పోయేలా ఉన్నాయి!" వాడు పాపం ఎవరినో ఆస్పత్రికి తీసుకెళ్లాలనుకుని రిక్షాని పందిట్లోకే తొక్కుకొచ్చాడు. మూడుసార్లు పప్పు వేయించుకుని తిన్నాడు. ఇంకోసారి మైకు ఆపించడానికొచ్చిన కానిస్టేబుల్ని కూర్చోబెట్టేశాడు. అతను తిన్నాడు, మైకు మోగింది. చర్చిలో ప్రేమ విందు భోజనాలప్పుడు అందరూ కళ్లు మూసుకుని ప్రార్థన చేస్తుంటే ఈయన కళ్లు తెరుచుకుని తలకాయలు లెక్కపెట్టేవాడు.

నిజానికి రాయపూర్ తెలుగువాళ్లకి ఒకళ్లనొకళ్లు లెక్కపెట్టుకోవడం తప్ప వేరే పనేముంది? ఎవడికి ప్రమోషనొచ్చింది, ఎవడి కొడుకు ఖాళీగా తిరుగుతున్నాడు, ఎవడి కూతురికి ఇంకా పెళ్లి కాలేదు. అన్నం పెట్టడానికి లెక్కపెట్టినవాడు దానయ్య ఒక్కడే.

ఆ పెళ్లి కాని కూతుళ్ల లెక్కలో ఆయన కూతురు ఎస్తేరు కూడా ఉంది. దగ్గర్లోని తిల్దా ఊరి నుంచి సంబంధం వచ్చింది. కుర్రాడు స్కూలు మాస్టరు. చర్చి పాటల పోటీలో చూసింది, నచ్చాడు. ఎంత నచ్చాడంటే, పోటీలో వాళ్ల జట్టు గెలిచినా ఎస్తేరుకి కోపం రాలేదు. కుర్రాడితో చిక్కు లేదు, చిక్కల్లా తండ్రి పున్నయ్యతో. రైసు మిల్లు గుమాస్తా, సంఘపెద్ద. వేరేవాళ్ల పాపాలు ఆయనకి కంఠతా వచ్చు.

చుట్టాలొచ్చే రోజు ఎస్తేరు తండ్రి చెయ్యి పట్టుకుంది. "నాన్నా, ఈ ఒక్కరోజూ లెక్కపెట్టకు. నీకు పుణ్యముంటాది."

"నేనా? ఛ! నాకేటి పని?"

పెరట్లో దరీలు పరిచి విస్తళ్లు వేశారు. ఎస్తేరూ వాళ్లమ్మ అన్నమ్మా వడ్డనకి నిలబడ్డారు. చేపల పులుసు వాసనకి పున్నయ్య ప్రార్థన కూడా పొట్టిదైపోయింది. ఆమెన్ అని ఆయన ముద్ద కలిపాడో లేదో, దానయ్య దిగ్గున లేచాడు.

"ఆగండి! పదమూడు!"

ఎస్తేరు గబగబా లెక్కపెట్టింది. మళ్లీ లెక్కపెట్టింది. "నాన్నా, నీతో కలిపి పన్నెండే!"

"నీ లెక్క నీది, వర్క్‌షాపు లెక్క వర్క్‌షాపుది," అంటూనే చెప్పులు కూడా లేకుండా బయటికి పోయాడు.

పున్నయ్య చెయ్యి విదిలించాడు. "పదమూడు చెడ్డదని గ్రంథంలో ఎక్కడుంది? దొరలు తెచ్చి పెట్టిన మూఢనమ్మకం ఇది! పైగా ఈయనకి లెక్క కూడా రాదు." భార్య వైపు తిరిగి, అందరికీ వినిపించేంత మెల్లగా అన్నాడు. "ఈ సంబంధం మనకొద్దే. పిచ్చి రక్తంలో దిగుతాది."

ఎస్తేరు చేతిలో పులుసు గిన్నె బరువెక్కింది. పెళ్లికొడుకు తల వంచుకుని విస్తరి ఈనెలు గిల్లుతున్నాడు. వీడు కూడా నోరెత్తడే అని ఒళ్లు మండింది.

అంతలో దానయ్య వచ్చాడు. వెనక జోగయ్య. వర్క్‌షాపులో దానయ్య కింద పనిచేస్తాడు. మధ్యాహ్నం డబ్బా ఎప్పుడూ ఒక్కడే ఓ మూల కూర్చుని తింటాడు. ఎస్తేరుకి అంతవరకే తెలుసు. కానీ అతన్ని చూడగానే పున్నయ్య మొహం నల్లబడింది.

"చిన్నోడా!" అంది పున్నయ్య భార్య, నోటికి కొంగు అడ్డం పెట్టుకుని. "ఎంత చిక్కిపోయావురా మరిదీ!"

అప్పుడు తెలిసింది ఎస్తేరుకి, జోగయ్య పున్నయ్య సొంత తమ్ముడని. ఛత్తీస్‌గఢీ పిల్ల ఫూల్‌బాసన్‌ని చేసుకుంటానన్నందుకు అన్నగారు అన్నం దగ్గరే అరిచారు. తమ్ముడు సగం విస్తట్లోంచి లేచిపోయాడు. మళ్లీ తిల్దా గడప తొక్కలేదు.

పున్నయ్యకి కోపమొస్తే వేళ్లు లేస్తాయి. ఒక్కొక్కళ్లనీ వేలితో చూపిస్తూ లెక్కపెట్టాడు. "ఇప్పుడయింది పదమూడు! ఇందాక పన్నెండే! తెలిసే చేశావు కదయ్యా! ఇప్పుడు భయం లేదా నీకు?"

దానయ్య తన విస్తరి ముందు నింపాదిగా కూర్చున్నాడు.

"నాకా నెంబరంటే మా చెడ్డ భయమండి. కానీ ఆ రాత్రి ఏటైందో నాను చాలా ఆలోచించినాను. పదమూడు మంది కూచోడం తప్పు కాదండి. ఒకడు లేచి చీకట్లోకి పోతుంటే, తమ్ముడూ, అన్నం మీంచి లేవకు, తినీసి పో అని శిష్యుల్లో ఒక్కడూ వెనకాల వెళ్లలేదు. అదీ తప్పు."

పున్నయ్య ఎత్తిన వేలు మెల్లగా దించుకున్నాడు.

"అయినా మీరన్నది నిజమేనండి," అన్నాడు దానయ్య ఉన్నట్టుండి కంగారుగా. "ఇప్పుడు నిజంగానే పదమూడు! ఇంకొకళ్లు రావాలి. నా మోకాళ్లు పనిచెయ్యట్లేదు. గేటు దగ్గర ఒకావిడ నిలబడుంది. రమ్మంటే, పెద్దాయన పిలిస్తేనే వస్తానంది. మీరే వెళ్లాలి."

పున్నయ్య తన భార్యని చూశాడు. ఆవిడ గేటు వైపు చూస్తోంది. కొడుకు వైపు చూశాడు. అప్పటికి లేచింది కుర్రాడి నోరు.

"వెళ్లు నాన్నా. ఆకలేస్తంది."

పున్నయ్య లేచాడు. ఎంగిలి చేత్తోనే గేటు దాకా నడిచాడు. తొందరగా రా కోడలా, ఇక్కడో పిచ్చోడు ఎవర్నీ తిననివ్వట్లేదంటూ ఆయన హిందీ లోపలికి వినిపించింది. "చలో బహూ, జల్దీ చలో. ఉధర్ ఏక్ పాగల్ బైఠా హై, కిసీకో ఖానే నహీ దేతా!"

జోగయ్య భార్య ఫూల్‌బాసన్ తల మీద కొంగు సర్దుకుంటూ వచ్చి తోటికోడలి పక్కన కూర్చుంది. పున్నయ్య తమ్ముడి విస్తరి చూసి గయ్యిమన్నాడు. "వాడికి తోక ముక్క వేశారేటి? ముళ్లు తీసుకోడం వాడికి రాదు, నడుం ముక్క వెయ్యండి!" తర్వాత దానయ్య వైపు తిరిగాడు.

"బావగారూ, పులుసు చల్లారిపోతంది. ఇకనైనా తిననిస్తారా?"

బావగారూ అన్న మాట చెవిన పడ్డప్పుడు ఎస్తేరు పెళ్లికొడుకు విస్తట్లో ముక్క వేస్తోంది. అతను చాలంటున్నా ఆపలేదు. గిన్నె ఖాళీ అయ్యాకే చూసుకుంది.