డ్రైవరు పేరు లేని చిట్టా

బస్సుల డిపో గేటు పక్కన ఒక చిన్న గది ఉంది. ఒకరు కుర్చీ వేసుకుంటే ఇంకొకరు నిలబడటానికి మాత్రమే చోటుంటుంది. ఏ బస్సు ఎన్నింటికి బయటికి వెళ్ళిందో, ఎన్నింటికి లోపలికి వచ్చిందో ఆ గదిలో కూర్చుని రాయడం ఆవిడ ఉద్యోగం. పద్నాలుగేళ్ళుగా అదే పని. డ్రైవర్లు ఆవిడకి నిమిషాలమ్మ అని పేరు పెట్టారు. "టైరు దిగిందమ్మా", "వంతెన మీద లారీ అడ్డంగా ఆగిపోయిందమ్మా" అని ఎవరెంత మొత్తుకున్నా, ఆవిడ గోడ గడియారం వైపు ఒక చూపు చూసి ఉన్న నిమిషం ఉన్నట్టు రాసేది. కారణాలు వినడం మేనేజరుగారి పని, టైము రాయడం తన పని. ఆ పేరు సంగతి ఆవిడకి తెలుసు. తెలిసి కోపగించుకోలేదు సరికదా, లోలోపల కాస్త మురిసిపోయింది కూడా.

అలాంటి మనిషిని ఒక నల్లటి డబ్బా మూడు వారాలపాటు తికమక పెట్టింది.

డబ్బా తెచ్చింది ఆవిడ తమ్ముడు. మేనకోడలు ఆరో తరగతిలో చేరిందని వీడియో గేమ్ కన్సోల్ కొనిచ్చి, టీవీకి తగిలించి, "పేరెంటల్ కంట్రోల్స్ పెట్టుకో అక్కా, లేకపోతే పిల్ల చేతికి దొరకదు" అని భయపెట్టి వెళ్ళిపోయాడు. అవి ఎలా పెట్టుకోవాలో మాత్రం చెప్పలేదు. ఆవిడ భర్త వేరే ఊళ్ళో వంతెన పని మీద ఉంటాడు, పదిహేను రోజులకోసారి ఇంటికొస్తాడు. ఫోన్ చేస్తే, "ఏముంది, అడిగినదానికల్లా ఓకే నొక్కెయ్" అన్నాడు.

ఆదివారం మధ్యాహ్నం కళ్ళజోడు తుడుచుకుని టీవీ ముందు కూర్చుంది. డబ్బా ఈ-మెయిల్ అడిగింది. తర్వాత పుట్టిన తేదీ అడిగింది, ఎవరి తేదీయో చెప్పకుండానే. ఫోన్‌కి ఆరంకెలు పంపించానంది. ఆవిడ కాగితం వెతికి, ఆ అంకెలు వరసగా రాసుకుని, సరిచూసుకుని నొక్కబోయేసరికి గడువు దాటిపోయిందంది. పద్నాలుగేళ్ళ ఉద్యోగంలో ఆవిడ ఆలస్యంగా వచ్చిందని ఎవరూ అనలేదు. ముఖం ఎర్రబడింది. తర్వాత తెర మీద నల్ల గళ్ళ బొమ్మ ఒకటి వచ్చి, దాన్ని ఫోన్‌తో చూడమంది. ఆవిడ చక్కగా ఫొటో తీసింది. ఆ ఫొటో పెళ్ళి ఫొటోల పక్కన చేరి కూర్చుంది తప్ప ఇంకేమీ జరగలేదు.

చివరికి పిల్లనే పిలవాల్సి వచ్చింది.

"ఏమంటోందే ఇది?"

"నువ్వు పెద్దదానివని రుజువు చూపించమంటోంది."

"నన్ను చూస్తే తెలియట్లేదా దానికి?"

"దానికి కళ్ళు లేవమ్మా."

"సరే, ఇదేంటి?"

"నేను ఏ రోజు ఎప్పుడు ఆడానో నీ ఫోన్‌కి పంపించాలా అని."

"పంపించమను. నిమిషాలతో సహా."

పిల్ల నిట్టూర్చి నొక్కింది. తన చేతికి తనే సంకెళ్ళు తొడుక్కుంటూ, తాళంచెవి ఎక్కడ పెట్టుకోవాలో అమ్మకి చూపించినట్టుంది ఆ పని.

కిటికీ పక్కన కుర్చీలో అత్తగారు దిండు గలీబు చిరుగు కుడుతోంది. దారం కొరికి, "కొనడమెందుకు, కొన్నదానికి తాళం వెయ్యడానికి ఇంతమంది కూర్చోవడమెందుకు? ఆ తీగ పీకి బీరువాలో పెడితే పోలా?" అంది.

"మీకు తెలియదత్తయ్యా, ఇప్పుడిలాగే."

"నాకెందుకు తెలుస్తుందిలే. టీవీలో చానల్ మార్చాలన్నా మిమ్మల్నే పిలవాలి."

అది నిజమే. రిమోటు ఎదురుగా ఉన్నా అత్తగారు ఎవరో ఒకర్ని కేకేసేది.

రోజుకి గంట అని పెట్టారు. స్కూలు నుంచి వచ్చి, హోంవర్కు అయ్యాక, ఆరు నుంచి ఏడు. డబ్బాలో 'రోజుకి గంట' అన్న చోటు దొరికింది గానీ, 'ఆరింటికే' అన్న చోటు తల్లికీ కూతురికీ దొరకలేదు. నోటితో చెప్పుకుంటే చాలనుకున్నారు.

మొదటి వారం అంతా సజావుగా సాగింది. పిల్ల ఆరింటికి కూర్చునేది, ఏడింటికి లేచేది. రెండో వారం సోమవారం మొదలైంది గొడవ. పిల్ల ఆరింటికి ఆట మొదలుపెట్టిన అయిదు నిమిషాలకే తెర మీద 'ఈరోజు సమయం అయిపోయింది' అని పడింది.

"అమ్మా! నా గంట ఏమైంది?"

"నేనేం చేశానే? గంటే ఉంది చూడు ఇక్కడ."

ఇద్దరూ ఫోన్ చూశారు. గంటే ఉంది. మంగళవారం ఆ అయిదు నిమిషాలు కూడా ఇవ్వలేదు. బుధవారం నిమిషాలమ్మ విసుగెత్తి గంటన్నర చేసింది. గురువారం డబ్బా ఆ గంటన్నరనీ మింగేసింది. చిత్రం ఏమిటంటే, సోమవారం ఇల్లు ఎగిరిపోయేలా అరిచిన పిల్ల మంగళవారం నుంచి నోరెత్తలేదు. టీవీ ఆపేసి పుస్తకం తీసుకునేది. బుద్ధి వచ్చిందనుకుంది తల్లి. డబ్బా పాడైందనీ అనుకుంది. రెండూ ఒకేసారి ఎలా జరుగుతాయని మాత్రం అనుకోలేదు.

శనివారం ఫోన్‌కి వారం చిట్టా వచ్చింది. ఏ సంగతైనా కాగితం మీదికి వస్తేగానీ ఆవిడకి నమ్మకం కుదరదు. చిన్న నోట్‌బుక్కు తీసి, డిపోలో రాసినట్టే గడులు గీసి, పదో తారీకు నుంచి పద్నాలుగు దాకా ఎక్కించింది. తేదీ, పేరు, మొదలు, ముగింపు. పేరు ఉండాల్సిన గడిలో అయిదు వరసల్లోనూ కూతురి పేరే రాసింది. రాయడం అయ్యాక టైములు చూసుకుంది. పదకొండూ పది నుంచి పన్నెండూ అయిదు. పదకొండూ అయిదు నుంచి పన్నెండూ అయిదు. అన్నీ అలాంటివే.

పదకొండింటికి పిల్ల స్కూల్లో ఉండాలి. స్కూలు ఏడు నిమిషాల నడక.

"స్కూలు ఎగ్గొట్టి వస్తున్నావా?"

"లేదు."

"మరి ఇదేంటి?"

పిల్ల నోట్‌బుక్కు చూసింది. "నేను ఆడలేదు."

"నువ్వు ఆడకపోతే ఎవరు ఆడారు? పైనుంచి దిగి వచ్చారా?"

పిల్ల కిటికీ వైపు చూసి, చూపు నేలమీదికి దించుకుంది. "చెప్పను."

"చెప్పవా? రాత అబద్ధమాడుతుందటే? ఇంత చిన్న వయసులో ఇంత గుండెనిబ్బరమా? ఇంక నీ మాట నేనెట్లా నమ్మేది?"

"నమ్మకు" అంది పిల్ల. "నేను నీ డ్రైవర్ని కాదు."

ఆ తర్వాత మాట్లాడటం మానేసింది. అడిగితే ఊ, లేకపోతే ఊఁహూఁ. పెట్టిన అన్నం తిని పళ్ళెం తీసేది. తల దువ్వుతానంటే తనే దువ్వుకునేది. అదివరకు డిపో కబుర్లు చెప్పేదాకా నిద్రపోని పిల్ల. 

అత్తగారిని అడిగింది. "అత్తయ్యా, పదకొండింటికి పిల్ల ఇంటికొస్తోందా?"

"రావట్లేదు." అత్తగారు కుట్టుమీంచి తల ఎత్తలేదు. "నేను ఇంట్లోనే ఉన్నానుగా. రాలేదు."

మనవరాలిని వెనకేసుకొస్తోందనుకుంది.

సోమవారం స్కూలుకి వెళ్ళింది. క్లాసు టీచరు హాజరు పట్టీ తీసి చూపించింది. అయిదు రోజులూ పిల్ల ఉంది. పదకొండింటి పీరియడ్‌లో లెక్కల పరీక్ష కూడా రాసింది. "ఏమైనా సమస్యా అండీ?" అని టీచరు అడిగితే, "లేదండీ, ఊరికే" అని వచ్చేసింది.

దారిపొడుగునా తల తిరిగిపోయింది. స్కూలు రిజిస్టరు ప్రకారం పదకొండూ పదికి పిల్ల బెంచీ మీద ఉంది. డబ్బా చిట్టా ప్రకారం అదే నిమిషానికి ఇంట్లో సోఫాలో ఉంది. రెండూ రాతే. ఒక రాతకీ ఇంకో రాతకీ తగువొస్తే ఎటు వెళ్ళాలో ఆవిడకి ఎవరూ నేర్పలేదు. పైగా ఆ సోమవారం, మంగళవారం ఫోన్ తెరిచి చూస్తే చిట్టా ఖాళీగా ఉంది. ఎవరూ ఆడలేదు. భయపడి మానేసిందన్నమాట, అయితే తనే అన్నమాట, మరి హాజరు పట్టీ? ఆలోచన మొదలుపెట్టిన చోటికే మళ్ళీ వచ్చేది.

బుధవారం ఉదయం పదింటికి మీసాల డ్రైవరు గేటు గది ముందు నిలబడ్డాడు. చేతిలో మెమో ఉంది. పోయిన గురువారం బండి ఇరవై రెండు నిమిషాలు ఆలస్యంగా లోపలికి తెచ్చినందుకు సంజాయిషీ ఇమ్మని.

"ఆ రోజు ఆ బండి నేను తియ్యలేదమ్మా. కొత్తగా వచ్చినతనూ నేనూ డ్యూటీ మార్చుకున్నాం. బండి నాదే, సీట్లో మనిషి నేను కాదు."

"రిజిస్టర్లో మీ పేరే ఉంది."

"ఉంటుంది మరి. పొద్దున్నే డ్యూటీ చార్టు చూసి పేర్లన్నీ ముందే దించేస్తారు కదా మీరు. బండి కదిలేటప్పుడు గడియారం చూస్తారు, బండి నంబరు చూస్తారు. మా మొహం ఏ రోజైనా చూశారా?"

పక్కనున్న కండక్టరు కిసుక్కున నవ్వాడు. నిమిషాలమ్మ నవ్వలేదు. కొత్తతన్ని పిలిపించి అడిగింది. "నేనే మేడమ్, చెబుదామనే అనుకున్నాను" అని అతను బుర్ర గోక్కున్నాడు.

రిజిస్టర్లో తప్పు పడితే చెరపకూడదు. పాత రాత చదవడానికి వీలుగా ఒకే ఒక్క గీత కొట్టి, పైన సరైనది రాసి, పక్కన సంతకం చెయ్యాలి. ఆవిడ మీసాల డ్రైవరు పేరు మీద గీత కొట్టింది. పెన్ను అక్కడే ఆగిపోయింది.

డబ్బా పంపిన చిట్టాలో బండి ఉంది, టైము ఉంది. సీట్లో మనిషి లేడు. ఆ గడి నింపింది తనే.

పద్నాలుగేళ్ళలో మొదటిసారి ఆవిడ గంట పర్మిషన్ అడిగేసరికి మేనేజరు, "ఒంట్లో బాగాలేదా అమ్మా?" అని కుర్చీలోంచి లేచాడు.

ఇంటికొచ్చేసరికి పదకొండు దాటింది. అత్తగారు కిటికీ పక్కన ఉంది. ఒళ్ళో గలీబు ఉంది గానీ సూదిలో దారం లేదు.

"ఇంత పెందలాడే వచ్చావేం?"

"చూడాలత్తయ్యా. ఇది దానంతట అదే ఆడుతుందేమో చూడాలి."

ఆవిడకి నిజంగానే ఇంకేమీ తోచలేదు. టీవీ వేసింది, డబ్బా వేసింది. వేసీ వెయ్యగానే పిల్ల అకౌంటు దానంతట అదే తెరుచుకుంది. కంట్రోలర్ చేతిలోకి తీసుకుని, అక్కడా ఇక్కడా నొక్కింది. తెర మీద ఒక నది, నదిలో పడవ. పడవ గిరగిరా తిరిగి బండకి కొట్టుకుంది. మళ్ళీ నొక్కింది. మళ్ళీ కొట్టుకుంది. మూడోసారి పడవ వెనక్కి వెళ్ళడం మొదలుపెట్టింది.

"అయ్యో, తలకిందులుగా పట్టుకున్నావే!" అంది అత్తగారు. "ఎడమ బొటనవేలితో తిప్పాలి. ఆ బండ దగ్గరికి రాకముందే మెల్లగా..."

మాట సగంలో ఆగింది. 

నిమిషాలమ్మ కంట్రోలర్ వంకా, అత్తగారి వంకా చూసింది. చానల్ మార్చడానికి కేకేసే మనిషి.

"మీరా అత్తయ్యా?"

"పిల్లే నేర్పింది, నువ్వు డ్యూటీలో ఉన్న ఆదివారం. నీళ్ళు బాగున్నాయన్నాను, అంతే. మర్నాడు ఇంట్లో ఎవరూ లేరు. చెయ్యి ఊరుకోలేదు. దాని గంట నేను తినేస్తున్నానని నాకేం తెలుసు? మంగళవారం అది నిలదీసేదాకా తెలియదు. తెలిశాక కూడా మానలేకపోయాను."

"నన్నొక్క మాట అడగొచ్చు కదా."

"ఏమని? కోడలా, నాకో గంట ఆట ఇప్పించమ్మా అనా? డెబ్బై ఒకటి నాకు. పైగా అన్ని మాటలన్నానాయె, తీగ పీకి బీరువాలో పెట్టమని." అత్తగారు గలీబు మడతపెట్టింది, విప్పింది. "అమ్మకి చెప్పనని పిల్ల చేత ఒట్టు వేయించుకున్నాను. నువ్వు దాన్ని అన్నేసి మాటలంటుంటే ఇక్కడే కూర్చుని విన్నాను. అది నా వైపు చూసింది కూడా. నాకే నోరు రాలేదు. అప్పట్నుంచీ ఆ డబ్బాని ముట్టుకుంటే ఒట్టు."

కోపం ఎవరి మీద తెచ్చుకోవాలో నిమిషాలమ్మకి తెలియలేదు. అత్తగారి మీద వచ్చినట్టే వచ్చి తన మీదికి తిరిగింది. ఏదో ఒకటి అనాలి కాబట్టి, "ఆ బండ దాటారా ఎప్పుడైనా?" అంది.

"ఒక్కసారి. గురువారం."

సాయంత్రం పిల్ల స్కూలు నుంచి వచ్చి, బ్యాగు దించి, హోంవర్కు ముగించింది. ఆరింటికి కన్సోల్ దగ్గరికి వెళ్ళలేదు. బల్ల దగ్గరే కూర్చుంది. నిమిషాలమ్మ చిన్న నోట్‌బుక్కు తెచ్చి దాని ముందు పెట్టింది. 

పిల్ల పుస్తకం తెరిచింది. అయిదు వరసలు. తన పేరున్న ప్రతిచోటా ఒకే ఒక్క గీత ఉంది. గీత కింద పేరు ఇంకా చదవడానికి వస్తోంది. పైన 'నానమ్మ' అని ఉంది. పక్కన అమ్మ సంతకం.

"నానమ్మ చెప్పేసిందా?"

"చెప్పింది. అడగాల్సినవాళ్ళని అడక్కుండా, నేనే నీ పేరు రాసేశాను. తప్పు నాదే."

పిల్ల వేలు పెట్టి వరసలు ఒక్కొక్కటే దిగుతూ వచ్చింది, అచ్చం డిపోలో ఆడిటుకి వచ్చేవాళ్ళలాగా. నాలుగో వరస దగ్గర వేలు ఆగింది.

"పదమూడో తారీకు సంతకం లేదు."

నిమిషాలమ్మ వంగి చూసింది. నిజమే, లేదు. పెన్ను కోసం జాకెట్టు తడుముకుని, బల్ల మీద తడుముకుంటే, పిల్ల తన జామెట్రీ బాక్సులోంచి పెన్ను తీసి ఇచ్చింది. సంతకం చేసింది.

"టైము కూడా వెయ్యి."

గడియారం చూసి వేసింది. ఆరూ పన్నెండు.

"నా పేరు కనబడేట్టు రాశారా, గెలికేశారా?" కిటికీ దగ్గర్నుంచి అత్తగారు కేకేసింది.

"కనబడుతోంది నానమ్మా" అని, పిల్ల కుర్చీ అమ్మ వైపు జరుపుకుని ఆఖరి వరస చూడటం మొదలుపెట్టింది.