పడసాలలో అమెరికా నవల

మా ఇంట్లో విత్తనం కాయలు ఒలిచేటప్పుడు ఎవరూ నోరు మూసుకోకూడదు. అది మా అవ్వ నియమం. మిషన్‌లో వేస్తే పప్పు బద్దలై మొలక రాదని, వానలకు ముందు పదిమంది ఆడవాళ్ళను ఇంటి ముందరి పడసాలలో కూర్చోబెట్టి వేరుశనగ కాయలు చేత్తోనే ఒలిపించేవాళ్ళు. వరసగా వానలు తప్పిన ఏళ్ళవి. ఒలిచేవాళ్ళలో సగంమంది పొద్దున ఏమీ తినకుండానే వచ్చేవాళ్ళు. మాట్లాడే నోరు పప్పు నమలలేదు కాబట్టి, అవ్వ గోడకు ఆనుకుని కూర్చుని అందరిచేతా మాట్లాడించేది, పాడించేది. ఎవరి గొంతు ఆగితే అటు తల తిప్పేది. పావగడ చుట్టుపక్కల ఇది అందరికీ తెలిసిన పద్ధతే, ఎవరూ తప్పు పట్టేవాళ్ళు కాదు. నేనూ పట్టలేదు.

ఆ వేసవి సెలవులకు తుమకూరు కాలేజీ నుంచి ఒక నవల తెచ్చుకున్నాను. అమెరికాలో ఒక నల్లజాతి రచయిత్రి రాసింది. ఈ కాలపు అమెరికా నవలల్లో ఆడవాళ్ళ గొంతు గురించి పది పేజీల వ్యాసం రాసుకు రమ్మని మా ఇంగ్లీషు మేడం పురమాయించింది. వాళ్ళ కథ వాళ్ళే చెప్పుకుంటున్నారు, అదే ఇప్పటి కొత్త సంగతి అని ఆమె క్లాసులో చెబితే నోట్సులో రాసుకున్నాను. బుర్రకు మాత్రం ఎక్కలేదు. నవలలో ఒకామె తెల్లవాళ్ళ ఇంట్లో వంట చేస్తూ ఏళ్ళ తరబడి నోరు మెదపదు. చివరికి ఒక ఆదివారం చర్చిలో అందరి ముందూ లేచి నిలబడి, తనకు జరిగిందంతా చెప్పేస్తుంది. అక్కడితో పుస్తకం అయిపోతుంది.

తెలుగులో చెప్పుకుంటే నాకే అర్థమవుతుందని ఒకరోజు ఆ కథ పడసాలలో మొదలుపెట్టాను. ఒక్కరూ చప్పుడు చేయలేదు. నా కథ అంత గొప్పగా ఉందనుకుని పొంగిపోయాను. సాయంత్రం కొలిస్తే పొట్టు కుప్ప రోజూ ఉన్నంతే ఉంది, పప్పు మాత్రం తగ్గింది.

"ఏమ్మే, నువ్వు చెప్తాంటే వాళ్ళు తింటాండారు" అని అవ్వ నా మీద లేచింది. "నువ్వు మూసుకో. వాళ్ళు చెప్పల్ల."

మరుసటి రోజు నుంచి వాళ్ళే ఆ కథను పట్టుకున్నారు. అందరికంటే ముందు రాయచెర్లామె. ఆమె నోట్లో నువ్వుగింజ నానదు.

"ఆ వంటామె పేరేంది పాపా?"

చెప్పాను. ఆమెకు నవ్వొచ్చింది. "పేరుండాదే! మనకి అదీ లేకపాయ."

ఆ మాట నిజమే. కోడలై వచ్చినామెను పుట్టింటి ఊరితో పిలవడం మా దగ్గర వాడుక. రాయచెర్లామె, తిరుమణామె, మంగళవాడామె. ఇరవై ఏళ్ళుగా వాళ్ళ మధ్య తిరిగిన నాకు ఒక్కరి పేరూ తెలియదు. ఆ అమెరికా వంటామె పేరు మాత్రం ఇంటిపేరుతో సహా కంఠతా వచ్చు. సిగ్గేసింది. అయినా ఆ సిగ్గు నా వ్యాసానికి పనికొస్తుందని రాసి పెట్టుకున్నాను.

మంగళవాడామె ఒక్కతే మాట్లాడేది కాదు. మొగుడు కూలికని బెంగళూరు పోయి నాలుగు నెలలైంది, కబురు లేదు. ఒడిలో చంటిబిడ్డ. ఆ కాలంలో ఊళ్ళో ఆమెకు దొరికిన పని మా ఇంటి ఒలుపు ఒక్కటే. అవ్వ రెండుమూడు రోజులు చూసి ఆమెతో గట్టిగానే అనేసింది. "రేపు గొంతు వినపడకపోతే ఎల్లుండి నుంచి రావద్దు."

నాకు జాలేసింది. జాలి ఒక్కటే అని చెబితే అబద్ధమవుతుంది. నవలలోని మనిషి ఎదురుగా దొరికిందన్న సంబరం కూడా ఉంది. ఈమె నోరు తెరిస్తే పనీ నిలుస్తుంది, నా వ్యాసమూ నిలబడుతుంది. మరుసటి రోజు వెళ్ళి ఆమె పక్కనే కూర్చున్నాను.

"వదినా, ఏదో ఒకటి చెప్పు. నీ మనసులో ఉండేదే చెప్పు. అమెరికా ఆమె చెప్పలేదా?"

పొద్దుటి నుంచీ బతిమాలాను. మధ్యాహ్నం దాటాక ఆమె చేతిలో కాయ కింద పెట్టి నావైపు చూసింది.

"ఏం చెప్పల్ల పాపా? తింటి అని చెప్పల్లనా? తింటి. నిన్నా తింటి, మొన్నా తింటి. బిడ్డకి పాలు పడలేదు, తింటి. మాట్లాడుకుంటా తినేది వీళ్ళకి వస్తాది, నాకు రాదు. అంతే."

ఎవరో కిసుక్కున నవ్వి ఆపుకున్నారు. అవ్వ మాత్రం నవ్వలేదు. దొంగతనం అంతమంది ముందు బయటపడ్డాక చూసీ చూడనట్టు వదిలేయడం అవ్వకు చేతకాదు.

"సరే, చెప్పినావు. రేపట్నుంచి రావద్దు."

మంగళవాడామె బిడ్డను ఎత్తుకుని, కొంగు దులుపుకుని వెళ్ళిపోయింది. కొండనాలుకకు మందేస్తే ఉన్న నాలుక ఊడినట్టు చేశాను. పొద్దుటి నుంచి గొంతు విప్పమని ఆమెను పోరిన నేను, నా గొంతు విప్పాల్సిన చోట ఒక్క మాట అనలేదు. అవ్వ అంటే భయం. మా ఇంటి విత్తనం కదా అన్న లోభం కూడా నాలో ఉంది. ఆ రోజు నా మీద నాకే అసహ్యమేసింది.

మర్నాడు ఆడవాళ్ళు మంగళవాడామె చోటు ఖాళీగా వదిలి, ఎప్పటిలాగే వచ్చి కూర్చున్నారు. ఎవరూ మాట్లాడలేదు. అవ్వ పాడమంటే రాయచెర్లామె, "గొంతు బాగలేదవ్వా" అంది. తిరుమణామెను పలకరిస్తే తల ఊపి ఊరుకుంది. కాయలు చిట్లే చప్పుడు తప్ప పడసాలలో ఇంకేమీ లేదు. ఒకరు ఊరుకుంటే దొంగ ఎవరో అవ్వకు తెలుస్తుంది. అందరూ ఊరుకుంటే ఎవరిని చూడాలి? ఒక్కొక్కరి దవడల వైపూ చూసి చూసి మధ్యాహ్నానికి అలిసిపోయింది.

"పోమ్మే" అంది నాతో. "మాట్లాడిచ్చింది నువ్వే గదా. నువ్వే పోయి ఆయమ్మని పిల్చుకోని రా."

మంగళవాడామె గుడిసె ముందు నేల ఊడుస్తూ ఉంది. అవ్వ రమ్మంటోందని చెప్పాను. తప్పు నాదేనని కూడా చెప్పాను. ఆమె చీపురు పక్కన పెట్టింది.

"ఒక మాట అడుగుతా పాపా. ఆ వంటామె అందరి ముందరా అంతా చెప్పేసె గదా. మర్నాడు ఆయమ్మకి ఎవరైనా పనిచ్చిరా?"

ఆ నవల నేను రెండుసార్లు చదివాను. మార్జిన్ల నిండా పెన్సిలుతో రాశాను. ఆ ప్రశ్న నాకు ఒక్కసారీ తట్టలేదు.

"పుస్తకం ఆడికే అయిపోయింది వదినా" అన్నాను.

"అది రాసినామెకి ఇంట్లో తిండి ఉన్నట్టుండాది" అంది ఆమె. బిడ్డను చంకనేసుకుని నాకంటే ముందు నడిచింది.