తట్టి తీయాల్సిన తలుపు

మా పక్కింటి క్లెయిర్ ఫ్రాన్స్ మనిషి. ఆగస్టు వచ్చిందంటే ఈ ఆష్‌బర్న్‌లో ఇల్లు మూసేసి నెలంతా వాళ్ళ ఊళ్ళోనే ఉంటుంది. మొక్కలకి నీళ్ళు పోయమని తాళంచెవి నాకిచ్చింది. ఇందాక వెళితే తలుపు సందులోంచి మూసిన ఇంటి వాసన. గుర్తుందా? వేసవి సెలవులకి అమ్మమ్మగారింటికి వెళ్ళి తిరిగొచ్చేసరికి మన గుమ్మాల్లో కొట్టే వాసన. దుమ్ము, కలరా ఉండలు, ఎండిన చీపురు.

మా అమ్మ తాళం తీసేముందు మా తలుపే మాచేత తట్టించేది. "ఇన్నాళ్ళూ ఖాళీగా ఉన్న ఇల్లు. ఉన్నవాళ్ళు సర్దుకుని వెళ్ళొద్దూ?" అనేది. ఒక ఏడాది నాన్న తట్టకుండా తీసేశారు. మేం బోర్లించి వెళ్ళిన మంచినీళ్ళ కుండ నిలబెట్టి ఉంది, నిండా చల్లటి నీళ్ళతో. అమ్మ ఆ నీళ్ళు పెరట్లో పారబోసింది.

ఇందాక నేను తట్టబోతుంటే మా అమ్మాయి నవ్వింది. "అమ్మా, క్లెయిర్ ఆంటీ ఫ్రాన్స్‌లో ఉంది కదా. ఎవరికి నాక్ చేస్తున్నావ్?"

సిగ్గేసి, తట్టకుండానే తీశాను.

వంటగది గట్టు మీద గ్లాసుడు నీళ్ళు. అందులో ఐస్ ఇంకా కరగలేదు.

అమ్మాయిని లాక్కుని బయటికొచ్చి, తలుపు మూసి, ఈసారి తట్టాను. లోపల గ్లాసులో ఐస్ గలగలమంది, ఎవరో గబగబా తాగేస్తున్నట్టు.

తట్టాక ఎంతసేపు ఆగేవాళ్ళమో మీలో ఎవరికైనా గుర్తుంటే చెప్పండి. మేమింకా మెట్ల మీదే కూర్చున్నాం.