ఎనిమిదో దీపం

వైర్లు, కరెంటు పట్టుకొని బతికెటోణ్ని నేను. ఎవరన్న దయ్యాల ముచ్చట తీస్తే నవ్వి లేచిపోయెటోణ్ని. అందుకే ఇన్నేండ్లు ఇది బయట చెప్పలే.

తొంభైల చివర చంద్రపూర్‌ల చిన్న కంప్యూటర్ క్లాస్ నడిపిస్తుంటి. వార్షికోత్సవానికి ఏదన్న కొత్తది చూపియ్యాలనుకున్న. మా పెద్దనాయన రాజయ్య విరూర్ ఊర్ల పేరున్న భాగవతం ఆటగాడు. ఆయన అడుగులకు కంప్యూటర్ బొమ్మలు కదిలితే ఎట్లుంటదని మనసుల పడ్డది.

పాత కీబోర్డు విప్పి, దాని వైర్లు ఎనిమిది రేకులకు కలిపి చాప కింద పరిచిన. ఏ రేకు మీద కాలు పడితే తెర మీద ఆ నంబరు దీపం బొమ్మ వెలుగుతది. కాలు తీస్తే ఆరుతది. ప్రోగ్రాం నేనే రాసిన.

రిహార్సల్ నాడు పట్టపగలు, హాల్ల మేమిద్దరమే. పెద్దనాయన గజ్జెలు కట్టి ఆడిండు. అడుగుకో దీపం వెలుగుతుంటే చిన్నపిల్లగాని లెక్క మురిసిండు. అలిసిపోయి చాప దిగి, కుర్చీల కూసొని నీళ్లు తాగుతుండు.

తెర మీద మూడో దీపం వెలిగింది.

షార్ట్ అయ్యిందనుకున్న. మూడోదే మళ్లొకసారి వెలిగి ఆరింది, ఇంతల ఐదోది. మళ్ల మూడు, మూడు, ఐదు. కీబోర్డు వైరు కంప్యూటర్ నుంచి గుంజేసిన. వైరు నా చేతిలనే ఉన్నది. దీపాలు ఆగలే.

పెద్దనాయన చేతిల గ్లాసు కింద పడ్డది.

"గది లస్మయ్య అడుగురా. ఎడమకాలు రెండుసార్లు మోపుతుండు, సూడు."

లస్మయ్య ఆటల ఆయన జంట. ఆడవేషాలు కట్టెటోడు. నేను పుట్టకముందే చనిపోయిండు.

దీపాలు ఒక్కొక్కటే పెద్దనాయన దిక్కు జరుగుతున్నయి. ఆరు. ఏడు. ఎనిమిదో రేకు ఆయన కాళ్ల ముందరనే ఉన్నది. ఆ దీపం వెలిగి, ఇగ ఆరలే. చాప మీద ఎవ్వరు లేరు.

"జరం ఉన్నదన్నవ్ లస్మయ్యా, నేనే ఇనలే," పెద్దనాయన ఏడుస్తుండు. "నన్ను తీస్కపోకురా!"

ఎట్ల ఉరికిన్నో తెల్వదు, మెయిన్ స్విచ్ బంద్ చేసిన. తెర నల్లగైంది. ఆయనను భుజం మీదేసుకొని రోడ్డు మీదికొచ్చి పడ్డ.

ఆటోల చెప్పిండు. అప్పట్ల ఒక రాత్రి ఊరోళ్లంత వచ్చి కూసున్నరు, ఆట ఆపితే పరువు పోతదని, జరంతోని కాలుతున్న లస్మయ్యకు బలవంతంగ వేషం కట్టించిండట. తెల్లారెసరికి మనిషి లేడు. జరం సంగతి ఈయన ఎవ్వరికీ చెప్పలే.

వారం తర్వాత పెద్దనాయన లస్మయ్య భార్య ఇంటికి పోయి అంత చెప్పి వచ్చిండు. ఆమె ఏమన్నదో మాకు చెప్పలే. మళ్ల ఆట ఆడలే.

నేను ఆ రేకులను నెలరోజులు పరీక్ష చేసిన. రేకు నొక్కకుంటే దీపం వెలగదు. ఆ ప్రోగ్రాం లైన్లు నాకు ఇప్పటికీ నోటికొస్తయి. ఏ లైన్‌ల తప్పున్నదో మాత్రం ఇయ్యాల్టికీ దొరకలే.