పాటొచ్చే బావకు మాట రాదు

మా బావకు పక్షవాతం వచ్చి కుడిచెయ్యి వాలిపోయింది, మాట పడిపోయింది. ఏమడిగినా "ఊఁ" తప్ప ఇంకో ముక్క లేదు. అదైనా భరించవచ్చు. ఒక ఆదివారం చర్చిలో కీర్తన మొదలవగానే మూడు చరణాలూ తడుముకోకుండా పాడేశాడు. అక్కడే కొంప మునిగింది.

"సూసినావా తమ్ముడా? దేవుడి దగ్గర నోరొత్తాది, నా దగ్గర రాదు! ఇదంతా నాటకం. రేపట్నుంచి కసరత్తూ నేదు, గిసరత్తూ నేదు" అంది మా అక్క.

మాట తెప్పించే ఆ కసరత్తు ఆపేస్తే వచ్చేది కూడా రాదని టెక్కలిలో డాక్టరమ్మ ముందే చెప్పింది. ఏడో తరగతిలోనే బడికి దణ్ణం పెట్టేసినవాణ్ణి, మెదడు గురించి ఆవిడ దగ్గర విన్న పాఠం చెప్పాల్సి వచ్చింది. అదీ మా అక్కకు! పలాసలో జీడిపిక్కలు కొట్టుకునేవాణ్ణి కాబట్టి ఆ దారినే పోయాను.

"అప్పా, మెదడు మీద పప్పుకి పొట్టులాగ పొర ఉంటాదట. కార్టెక్స్ అంటారు. పుర్రెలో పట్టక ముడతలు పెట్టి కూరినారు. మన బట్టీలో పిక్కలు కాల్చే సోటు ఏరు, కొట్టే సోటు ఏరు, పొట్టు తీసే సోటు ఏరు కదా? అక్కడా అంతే. ఎనకభాగం సూత్తాది, పక్కలు ఇంటాయి, ఎడమేపు ముందర మాటలు తయారవుతాయి. బావకి ఆ షెడ్డే దెబ్బతింది. పాటకైతే కుడేపోళ్లు కూడా సాయమొత్తారు."

"అయితే మాటలు కూడా ఆ కుడేపోళ్లనే సెయ్యమను! కాళీగా కూకుని ఏటి సేత్తన్నారు?"

తరువాతిసారి టెక్కలి వెళ్లినప్పుడు ఈ మాట డాక్టరమ్మకు చెబితే ఆవిడ నవ్వలేదు సరికదా, "మీ అక్క సరిగ్గానే చెప్పింది. కావలసిన మాటను రాగంలో పెట్టి, ఎడంచేత్తో తాళం వేయిస్తూ పాడించండి" అంది. పిక్కలు కొట్టి కొట్టి నేను చెప్పిన పాఠమంతా దండగ!

ఇంటికొచ్చి హుషారైన రాగాలన్నీ ప్రయత్నించాం. ఒక్కటీ అతకలేదు. ఊళ్లో ఎవరిని సమాధి చేసినా పాట ఎత్తుకునేది మా బావే. చివరికి ఆ రాగమే అతికింది.

ఒక మంగళవారం పొద్దున్నే, వీధి చివరిదాకా వినబడేలా, "అంబలి... ఇయ్యీ..." అని ఎత్తుకున్నాడు. పక్కింటివాళ్లు తలగుడ్డలు చుట్టుకుని పరుగున వచ్చారు.

"ఎవులు పోనారమ్మా?"

"ఎవులూ పోనేదు! ఈయనకి అంబలి గావాలట!" అని వాళ్ల మీద విరుచుకుపడింది మా అక్క. గిన్నె తెచ్చి బావ ముందు ఠక్కున పెట్టి, అక్కడే చతికిలబడి, అతని ఎడమచెయ్యి తీసి తన మోకాలి మీద వేసుకుంది.

"ఉప్పు గావాలేటి? పాడు!"