రబ్బరు కొనని టైపిస్టు

మా మావయ్య కోర్టులో టైపిస్టు. ముప్పై ఒక్క ఏళ్లలో ఆయన కాగితం మీద ఒక్క తప్పు పడలేదు. ఈ మాట నేను ఊహ తెలిసినప్పటి నుంచీ వింటున్నాను, ఆయన నోటి నుంచే. కోర్టులో ఆయన్ని ‘రబ్బరు కొననాయన’ అనేవాళ్లు. అది వెక్కిరింత అని చెప్పే ధైర్యం ఎవరికీ లేదు, అత్తయ్యతో సహా.

ఆయనకు చిరాకు తెప్పించేది తీర్పు చివరి పేరా ఒక్కటే. నేరం రుజువయ్యాక, శిక్ష గురించి ఏమైనా చెప్పుకుంటావా అని జడ్జిగారు ముద్దాయిని అడగాలి. వాళ్లు చెప్పుకునేవాళ్లు. మంచాన పడ్డ తల్లి, చంటిపిల్ల, ఊడిన ఉద్యోగం. అందరికీ ఒకే తల్లి, అదే దగ్గు, పేరు మార్చుకుంటే చాలని మావయ్య ఇంటికొచ్చి గొణిగేవాడు.

అందుకే ఎన్నికల సభలో ఒక నాయకుడు, మూడోసారి దొంగతనం చేస్తే పదేళ్లు, మారుమాట లేదు అన్నప్పుడు అందరికంటే గట్టిగా చప్పట్లు కొట్టింది మావయ్యే. ఎదుటి పార్టీ పన్నెండంది. వేలంపాట జోరుగా సాగింది. పాడేవాళ్లవి కావుగా ఆ ఏళ్లు. చివరికి పది దగ్గర ఆగి చట్టమైంది. ముద్దాయిని అడగడమనేది పోయింది. తీర్పు రెండు పేజీలకు తగ్గింది. మావయ్య వెలుగుండగానే ఇల్లు చేరడం మొదలుపెట్టి, దేశం బాగుపడిందన్నాడు.

అప్పుడు వచ్చింది కోర్టుకు, ఇళ్లలో అంట్లు తోముకునే ఒకావిడ. మొదటిసారి చెప్పులు, రెండోసారి పాల ప్యాకెట్లు, మూడోసారి తీగ మీద ఆరేసిన రెండు దుప్పట్లు. పదేళ్లు పడ్డాయి. ఆ తీర్పులో, నేరం రుజువైందన్న మాట తర్వాత, ‘శిక్ష గురించి అడగ్గా ముద్దాయి ఇలా చెప్పుకుంది’ అని పడిపోయింది. కింద ఏమీ లేదు. పాత అలవాటు, వేళ్లు వాటి దారిన అవి పోయాయనుకున్నాం. జడ్జిగారు చదవకుండానే సంతకం పెట్టారు.

ఆవిడ వకీలు దాన్ని పట్టుకుని పై కోర్టుకెళ్లాడు. ఏం చెప్పుకుందో లేకుండా సగం రికార్డుతో పదేళ్లు ఎలా వేస్తారన్నాడు. పై కోర్టు మావయ్యను సంజాయిషీ అడిగింది. జడ్జిగారు తన గదిలోకి పిలిచి ఎంతో మర్యాదగా చెప్పారట. పొరపాటున పడిందని ఒక్క ముక్క రాస్తే చాలు, ఆ వాక్యం తీసేస్తారు, శిక్ష నిలబడుతుంది, మావయ్యకు మందలింపుతో పోతుంది. రాయకపోతే, ఎనిమిది నెలల్లో రావలసిన పింఛను సంగతి ఆలోచించుకోమన్నారు.

మావయ్య మూడు రోజులు సరిగా అన్నం తినలేదు. ఆవిడ మీద జాలి అనుకునేరు. తన కాగితం మీద తప్పా అన్నదే ఆయన గోల. అత్తయ్య నచ్చజెప్పింది, నేనూ బతిమాలాను. తాను పట్టిన కుందేలుకు మూడే కాళ్లు. నాలుగో రోజు వెళ్లి, ‘విన్నదే టైపు చేశాను, పొరపాటు లేదు’ అని రాసిచ్చి వచ్చాడు.

తాను అడగనే లేదని జడ్జిగారు మొత్తుకున్నారు. కింద సంతకం మీదేగా అంది పై కోర్టు. శిక్ష రద్దయింది. పది నెలలు జైల్లో ఉన్నావిడ బయటికొచ్చింది. మావయ్యను పాత కాగితాల గదికి తోసి, పింఛనులో సగం కోసేశారు. ఇలాంటి గుమాస్తాల వల్లే దొంగలు తప్పించుకుంటున్నారని ఆ నాయకుడు టీవీలో అన్నాడు. ఈసారి పదిహేనేళ్లట.

నాకు ఒళ్లు మండిపోయింది. గొప్ప కోసం సగం కూడు పోగొట్టుకునే మనిషిని ఏమనాలి? అత్తయ్య టీవీ కట్టేసి ఆయన ఎదురుగా కూర్చుంది.

"ఇప్పటికైనా నిజం చెప్పండి. జడ్జిగారు ఆవిణ్ని అడిగారా?"

"అడగలేదు," అన్నాడు మావయ్య. "ఆవిడే చెప్పడం మొదలుపెట్టింది. జడ్జిగారు లేచి వెళ్లిపోయారు. పోలీసులు లాక్కెళ్తున్నా చెబుతూనే ఉంది. నేను అలవాటుగా ఆ ఒక్క వాక్యం టైపు చేసి, కొత్త చట్టం గుర్తొచ్చి ఆపేశాను."

కాసేపు తన చేతుల వంక చూసుకున్నాడు.

"విన్నది టైపు చేయకుండా వదిలేయడం, అదొక్కసారే."